అక్క విన్న సగం ఉపన్యాసం

నీళ్ళంటే భయపడేవాళ్ళు ఎదురుపడితే చాలు, మా అక్కకి ఎక్కడలేని హుషారూ పుట్టుకొస్తుంది. మునిసిపాలిటీ వాళ్ళ స్విమ్మింగ్ పూల్‌లో పెద్దవాళ్ళకి ఈత నేర్పడం ఆమె ఉద్యోగం. పిల్లలకి నేర్పేవాళ్ళు వేరే ఉన్నారు. అక్క దగ్గరికి వచ్చేవాళ్ళంతా నడివయసు దాటినవాళ్ళే. మోకాళ్ళ నొప్పులవాళ్ళు, బరువు తగ్గమని డాక్టరు తరిమినవాళ్ళు, చిన్నప్పుడెప్పుడో ఒకసారి మునిగి అప్పట్నుంచీ బకెట్లో నీళ్ళు చూసినా ఉలిక్కిపడేవాళ్ళు. వాళ్ళు లోతు తక్కువ వైపు మెట్ల మీద కూర్చుని, పాదాలు మాత్రం తడుపుకుని, "ఇవాళ్టికి చాలు టీచరమ్మా" అంటూ ఉంటారు. అక్క నడుము లోతు నీళ్ళలో వాళ్ళకెదురుగా నిలబడి కథ ఎత్తుకుంటుంది.

"ఈత రాదని ఎవరన్నారు మీకు? వచ్చు. మర్చిపోయారంతే. లక్షల ఏళ్ళ కిందట మన తాతల తాతలు నీళ్ళలోనే బతికారు. నాలుగు కాళ్ళ ప్రాణి రెండు కాళ్ళ మీద ఎందుకు లేచిందనుకున్నారు? నీళ్ళలో ముక్కు పైకి పెట్టుకోడానికి. కోతికున్న బొచ్చు మనకెందుకు లేదు? ఈదడానికి అడ్డమని. చర్మం కింద ఈ కొవ్వెందుకు? తేలడానికి. పుట్టిన పిల్ల మొహం నీళ్ళలో తడిస్తే చాలు, ఊపిరి తనే బిగబడుతుంది. దానికెవరు నేర్పారు చెప్పండి? మీ ఒంటికి అన్నీ గుర్తున్నాయి. మీరు కాస్త ఊరుకుంటే చాలు, మిగతాది అదే చూసుకుంటుంది."

ఈ కథ పనిచేసేది. అది మాత్రం నేను ఒప్పుకోవాలి. బాగా ఒళ్ళున్న ఒకావిడ, "అయితే ఇన్నాళ్ళూ మోసిన ఈ కొవ్వు దండగ కాదన్నమాట" అని నవ్వుకుంటూ నీళ్ళలోకి దిగిపోయింది. చూపు సరిగా లేని ఒక తాతగారు, "మావాళ్ళు ఉన్న చోటేగా, పద" అని చెయ్యి అందించాడు. అందరూ తేలారు. అందరూ ఈదారు. అక్క పేరు చెబితే పూల్ మేనేజరు సైతం కుర్చీలోంచి లేచి నిలబడేవాడు.

నాకు మాత్రం ఆ కథ వింటే ఒళ్ళు మండేది. నేను మ్యూజియంలో పనిచేస్తాను. మనిషి పుట్టుకని చూపించే గదికి గైడుని. గాజు పెట్టెల్లో వరసగా పెట్టిన పుర్రెల నమూనాలు చూపిస్తూ, వాటి సంగతులు చెబుతూ రోజంతా నిలబడటం నా పని. తెలిసినంతవరకే చెప్పాలి, తెలియనిది తెలియదనాలి అని ఉద్యోగంలో చేరినప్పుడే నేర్పారు. అది నా తత్వానికి సరిగ్గా సరిపోయింది. ఎవరైనా సగం తెలిసి మొత్తం చెబుతుంటే మధ్యలో దూరి సరిదిద్దకుండా ఉండలేను. అందుకే పెళ్ళిళ్ళలో నా పక్కన కూర్చోడానికి ఎవరూ ఇష్టపడరు.

అక్కకి ఆ కథ దొరికింది మా మ్యూజియంలోనే. ఒక ఆదివారం మధ్యాహ్నం ఓ ముసలి ప్రొఫెసరు గారి ఉపన్యాసం ఏర్పాటు చేశారు. మనిషి నీళ్ళలో పెరిగాడా అన్నది విషయం. నీళ్ళ సంగతి కదా అని అక్కని పిలిచి ముందు వరసలో కూర్చోబెట్టాను. ఆ ప్రొఫెసరు గారిది ఒక పద్ధతి. ఏ సిద్ధాంతాన్నయినా మొదటి సగంలో దాని తరఫు వకీలులా వాదిస్తాడు. నమ్మనివాడు కూడా నమ్మేలా చెబుతాడు. తర్వాత టీ. టీ తాగి వచ్చాక, అదే నోటితో, తను కట్టిందంతా ఒక్కొక్క ఇటుకా ఊడదీస్తాడు. అక్కకి సాయంత్రం బ్యాచి ఉంది. మొదటి సగం విని, కళ్ళు మెరిపించుకుంటూ, టీ కప్పు నా చేతిలో పెట్టి వెళ్ళిపోయింది.

రెండో సగం ఆమెకి చెప్పాలని నేను చెయ్యని ప్రయత్నం లేదు. అన్నం తినేటప్పుడు మొదలుపెడితే చెంబు పట్టుకుని వంటింట్లోకి వెళ్ళేది. ఫోన్లో మొదలుపెడితే సిగ్నల్ పోయేది. ఒకసారి గట్టిగా నిలదీస్తే, "నేను విన్నంతవరకు బాగుంది కదే. ఆ మిగతాది నువ్వే ఉంచుకో" అంది. గోడకి చెప్పుకున్నా ఈపాటికి కాస్త సున్నమైనా రాలేది.

మా బావ గోడలకి రంగులు వేసే పనిలో ఉండేవాడు. పొడుగ్గా, సన్నగా, ఒంట్లో కొవ్వంటూ ఉంటే అది చెవి తమ్మెల్లోనే అన్నట్టు ఉంటాడు. మాట పొదుపు. మూడంతస్తుల ఎత్తున పరంజా మీద ఈల వేసుకుంటూ తిరిగే మనిషికి నీళ్ళంటే మాత్రం చచ్చే భయం. అక్కని తీసుకెళ్ళడానికి రోజూ సాయంత్రం పూల్ దాకా వచ్చేవాడు గానీ, టిక్కెట్లిచ్చే కిటికీ దాటి లోపలికి రాలేదు ఎప్పుడూ. ఎందుకు బావా అంటే, "లోపల నేల తడిగా ఉంటుంది" అనేవాడు. ఊళ్ళో అందరి భయమూ పోగొట్టి, కట్టుకున్నవాణ్ణి గట్టు మీద వదిలేశావు అని నేను అక్కని ఏడిపిస్తుండేదాన్ని.

అలాంటి మనిషి పరంజా మీంచి పడలేదు. ఎవరిదో వంటగది పైకప్పుకి రంగు వేస్తూ స్టూలు మీంచి పడ్డాడు. తుంటి ఎముక విరిగింది. ఆపరేషన్ చేసి లోపల కడ్డీ వేశారు. గాయం మానింది, ఎముక అతుక్కుంది, ఎక్స్‌రే ఫొటోల్లో అంతా బాగుందన్నారు. బావ మాత్రం లేచి నిలబడలేదు. కాళ్ళకి వ్యాయామం చేయించే అమ్మాయి వచ్చి రెండు చంకల కిందా పట్టుకుని లేపితే, మంచం కోడు పట్టుకుని చెమటలు కక్కేవాడు, మొహం పాలిపోయేది, మళ్ళీ కూలబడేవాడు. ఇలాగే ఇంకొన్ని వారాలు గడిస్తే కాళ్ళలో కండ పూర్తిగా కరిగిపోతుందనీ, తర్వాత ఎవరేం చేసినా చక్రాల కుర్చీయేననీ డాక్టరు మొహమాటం లేకుండా చెప్పేశాడు.

అప్పుడా వ్యాయామం అమ్మాయే అంది: "నీళ్ళలో నిలబెడదామా? ఛాతీ లోతులో ఒంటి బరువు చాలావరకు నీళ్ళే మోస్తాయి. పూల్ గోడకుండే కడ్డీ పట్టుకుని కాసేపు నిలబడితే చాలు."

అక్క మొహం వెలిగిపోయింది. ఇన్నేళ్ళుగా ఎంతమందికో చెప్పిన కథ ఇప్పుడు ఇంట్లోకే వచ్చింది. ఆ రాత్రంతా బావకి అదే చెప్పిందట. ఆయన వద్దనలేదు. "అంతేనంటావా? మన ఒంటికి గుర్తుంటుందంటావా?" అని రెండు మూడుసార్లు అడిగి, చివరికి సరేనన్నాడు. మా బావ నీళ్ళలోకి దిగడానికి ఒప్పుకున్నాడంటే ఆ కథని ఎంత నమ్మాడో అర్థం చేసుకోండి.

పూల్‌లో జనం లేని పూట చూసుకుని తీసుకెళ్ళాం. అక్కా, ఇంకో టీచరూ కలిసి ఆయన్ని కుర్చీలోంచి ఎత్తి మెట్ల మీదుగా దింపారు. నేను తువ్వాళ్ళు పట్టుకుని గట్టు మీద నిలబడ్డాను. గోడ పొడవునా ఉన్న కడ్డీ పట్టించి నిలబెట్టాలని ఆ అమ్మాయి ముందే చెప్పింది. కానీ అక్క పద్ధతి వేరు. ఆమె దగ్గరికి వచ్చిన వాళ్ళందరికీ మొదట వెల్లకిలా తేలడమే నేర్పుతుంది. నడుము కింద చెయ్యి పెట్టి, కబుర్లలో పెట్టి, వాళ్ళకి తెలియకుండా మెల్లిగా చెయ్యి లాగేస్తుంది. కాసేపటికి, "నా చెయ్యి తీసేసి ఎంతసేపయిందో తెలుసా?" అంటుంది. వాళ్ళు ఆశ్చర్యపోతారు, నవ్వుతారు, భయం అక్కడితో సరి.

"ముందు తేలనివ్వు. భయం పోతే నిలబడటం దానంతటదే వస్తుంది" అంది అక్క నాతో. బావని వెల్లకిలా పడుకోబెట్టింది. కథ మొదలుపెట్టింది. ఆయన కళ్ళు మూసుకుని వింటున్నాడు. చెయ్యి తీసేసింది.

బావ తేలలేదు. ముందు కాళ్ళు దిగిపోయాయి, వెనకే నడుము, ఆ వెనకే తల. గునపం నీళ్ళలో వేసినట్టు తిన్నగా కిందికి వెళ్ళిపోయాడు. అక్క వెంటనే పట్టి పైకి లేపింది, క్షణం కూడా ఆలస్యం చెయ్యలేదు. అయినా ఆ క్షణంలోనే ఆయన నీళ్ళు మింగేశాడు. దగ్గి దగ్గి కళ్ళు ఎర్రబడ్డాయి. అక్క ఆయన వీపు రాస్తూ, "ఏం కాలేదు, ఏం కాలేదండీ" అంటూనే ఉంది. ఆయన అరవలేదు, తిట్టలేదు.

మర్నాటి నుంచి వ్యాయామం అమ్మాయి వస్తే గోడవైపు తిరిగి పడుకోవడం మొదలుపెట్టాడు. పూల్ మాట ఎత్తితే కళ్ళు మూసుకునేవాడు. మంచం మీంచి కాళ్ళు కిందికి దించడం సైతం మానేశాడు. అక్క పనికి వెళ్ళిన ఒక పూట నేను ఆయన దగ్గర కూర్చున్నాను. ఆయనే మాట ఎత్తాడు.

"నువ్వా పుర్రెల మధ్యన పనిచేస్తావుగా, ఓ మాట చెప్పు. మీ అక్క దగ్గరికొచ్చిన వాళ్ళందరికీ నీళ్ళు గుర్తొచ్చాయి. ఆ లావాటావిడకి గుర్తొచ్చాయి, చూపు లేని ముసలాయనకి గుర్తొచ్చాయి. నాకే ఎందుకు రాలేదు? అందరికీ పుట్టుకతో వచ్చింది నాకు రాలేదంటే నాలోనే ఏదో తక్కువనేగా? ఇక ఈ కాళ్ళు మాత్రం ఏం గుర్తుపెట్టుకుంటాయి?"

ఇంతమందిని నీళ్ళలోకి దింపిన కథ, ఈ ఒక్క మనిషిని మంచానికి అతికించేసింది. అందరికీ వచ్చునని చెబితే, రానివాడు ఏమనుకోవాలి? తన తప్పే అనుకుంటాడు. రెండో సగం నా నాలుక చివరే ఉంది. చెప్పేద్దును. కానీ నేను చెబితే, అక్క తనని మోసం చేసిందనుకుంటాడు. ఆయన అక్క నోట విన్న కథ ఇది. అది సరిదిద్దాల్సిన నోరు కూడా అక్కదే. అందుకని, జీవితంలో మొదటిసారి, సగం మాట విని ఊరుకున్నాను. అక్క ఇంటికొచ్చాక ఆయన అన్నదంతా ఆమెకి పొల్లుపోకుండా చెప్పాను.

పూల్ నీళ్ళు మార్చే రోజున అక్క మ్యూజియానికి వచ్చింది. టిక్కెట్టు కొనుక్కుని, జనంలో ఒకతెలా, నా గదిలోకి వచ్చి పుర్రెల ముందున్న బెంచీ మీద కూర్చుంది. నేను ఒక బృందానికి చెబుతున్నదంతా పూర్తయ్యేదాకా ఆగింది. వాళ్ళు వెళ్ళాక తల ఎత్తకుండా అడిగింది.

"ఆ రోజు టీ తాగాక ఆ ప్రొఫెసరు ఏం చెప్పాడే?"

ఇన్నేళ్ళు కాచుకున్న అవకాశం. దొరికినరోజున నాకు సంతోషం కలగలేదు. పక్కన కూర్చుని చెప్పాను. బొచ్చు లేకపోవడానికి నీళ్ళే అక్కర్లేదనీ, ఎండలో నడిచే ప్రాణికి చెమట ఆరడానికి నున్నటి చర్మం మేలనీ, నీళ్ళలో బతికే ఎన్నో జంతువులకి ఇప్పటికీ ఒత్తయిన బొచ్చుందనీ చెప్పాను. ఊపిరి బిగబట్టే గుణం నీళ్ళ మొహం ఎరగని జంతువులకీ ఉందని చెప్పాను. రెండు కాళ్ళ నడక ఒక కాలంలో వచ్చింది, చర్మం సంగతులు ఇంకెప్పుడో వచ్చి ఉంటాయి, అన్నిటినీ ఒకే మూటలో కట్టడం కుదరదన్నాడు. దొరికిన ఎముకలేవీ ఆ కథకి సాక్ష్యం చెప్పడం లేదన్నాడు. మనవాళ్ళు ఏటి ఒడ్డున తిరిగి ఉండొచ్చు, తిండికోసం నీళ్ళలో దిగి ఉండొచ్చు, అంతవరకు ఎవరూ కాదనరు. నీళ్ళ కోసమే ఈ ఒళ్ళు తయారైందనే మాటే ఎక్కువమంది శాస్త్రవేత్తలు ఒప్పుకోరు. "ఒకే తాళంచెవికి ఊళ్ళో తలుపులన్నీ తెరుచుకుంటున్నాయంటే, తాళంచెవిని మెచ్చుకోకండి, తలుపులకి గడియలున్నాయో లేదో చూడండి" అని ఆయన ముగించాడని కూడా చెప్పాను.

అక్క ఒక్కసారి కూడా అడ్డం రాలేదు. అంతా విని, "అయితే ఎవరికీ పుట్టుకతో రాదన్నమాట" అంది.

"ఎవరికీ రాదక్కా. నీకు మాత్రం వచ్చా?"

"నాకు చిన్నప్పట్నుంచీ వచ్చుగా."

"ఏం కాదు. నాన్న నిన్ను నీళ్ళలో దింపుతుంటే మెట్టు పట్టుకుని వదల్లేదు నువ్వు. నీ ఏడుపు విని నేనూ ఏడ్చాను. ఎన్నాళ్ళు నీళ్ళు తాగావో, ఎన్నిసార్లు ముక్కులో పోయి తుమ్మావో నాకు తెలుసు. నువ్వు మర్చిపోయావు."

అక్క నా మొహంలోకి చూసింది. తర్వాత చాలాసేపు ఎదురుగా ఉన్న పుర్రెని చూస్తూ కూర్చుంది. బాగా ఈత వచ్చినవాళ్ళు నేర్చుకున్న రోజులు మర్చిపోతారు కాబోలు. నడక వచ్చినవాళ్ళం మనమంతా మర్చిపోలేదూ?

ఆ సాయంత్రం బావ మంచం పక్కన స్టూలు వేసుకుని కూర్చుంది అక్క. నేను గుమ్మం దగ్గరే ఆగాను. ఇంతకాలం పూల్‌లో గంట కొట్టినట్టు పలికే గొంతు, ఆ రోజు తడబడింది.

"ఏమండీ, నేను మీకు చెప్పింది సగమేనండీ. సగమే విన్నాను. మిగతాది వినడం ఇష్టంలేక వినలేదు. మన ఒంటికి నీళ్ళు గుర్తుంటాయన్నది నిజం కాదట. ఎవరికీ గుర్తుండవట. ఒంట్లో కాస్త కొవ్వున్నవాళ్ళు తేలతారు, మీలాంటి సన్నటి మనుషులు కొందరు మునుగుతారు. అంతే. మీలో తక్కువేమీ లేదు. నేనే, మిమ్మల్ని అడగకుండా, చెప్పకుండా, చెయ్యి తీసేశాను."

బావ పైకప్పు వంక చూస్తూ విన్నాడు. "అంటే ఆ వచ్చిన వాళ్ళంతా నేర్చుకున్నవాళ్ళేనా?"

"అందరూ నేర్చుకున్నవాళ్ళే."

"నువ్వూ?"

"నేనూనండీ. మెట్టు పట్టుకుని ఏడ్చానట. అదిగో, సాక్షి అక్కడే నిలబడింది."

బావ నా వైపు తిరిగాడు. "నిలబడటం కూడా నేర్చుకునేదేనా?"

"ఏ పిల్లా పుడుతూనే నిలబడదు బావా. ఎన్నిసార్లు పడాలో అన్నిసార్లు పడి, అప్పుడు లేస్తుంది. నువ్వూ అలాగే లేచి ఉంటావు, నీకు గుర్తులేదు."

ఉన్నట్టుండి మోచేతి మీద లేచి అక్క మీద విరుచుకుపడ్డాడు. "మరి నన్ను తేలమన్నావెందుకు? తేలి నేనెక్కడికి పోవాలి? నాకు కావాల్సింది నిలబడటం కదా! ఆ అమ్మాయి కడ్డీ పట్టించమని చెప్పిందా లేదా? నీ కథ కోసం నన్ను ముంచేస్తావా?"

స్టూలు మీంచి పడిన రోజు నుంచి ఆయన నోట గట్టి మాట వినలేదు మేము. అక్క తిట్లు తింటూ తల ఊపుతోంది. నాకైతే ఆ తిట్లు ఇంకాసేపు సాగితే బాగుండునని ఉంది. తిట్టి తిట్టి అలిసిపోయి, "రేపు తీసుకెళ్ళు. చెయ్యి తీస్తే చెప్పి తియ్యి" అన్నాడు.

అక్క ఆయన అడిగినట్టే చేసింది. కడ్డీ పట్టించి ఛాతీ లోతులో నిలబెట్టింది. "కుడి చెయ్యి తీస్తున్నాను." "ఇప్పుడు ఎడమది తీస్తున్నానండీ, ఉండమంటే ఉంటాను." మొదటి రోజు ఆయన వదలనివ్వలేదు. తర్వాతొక రోజు ఒక చెయ్యి వదలనిచ్చాడు. ఆపైన రెండూ. ఆయన కాళ్ళు వణుకుతుంటే నీళ్ళ మీద చిన్న చిన్న అలలు లేచేవి. కొన్నాళ్ళకి కడ్డీ పట్టుకుని నడిచాడు, ఆ తర్వాత కడ్డీ వదిలి నడిచాడు. అక్క ఎదురుగా ఉండి వెనక్కి వెనక్కి నడిచేది, చేతులు చాచి, పట్టుకోకుండా. ఇంటి దగ్గర మాత్రం మంచం దిగితే మళ్ళీ పాత కథే, చెమటలూ, కూలబడటమూ. నీళ్ళలో వచ్చింది నేల మీదకి వస్తుందా రాదా అన్నది ఎవరికీ తెలియదు. అక్క నన్ను అడిగేది. తెలియదనే చెప్పేదాన్ని.

ఒక రోజు అటు చివరి నుంచి నడుచుకుంటూ వచ్చి, మామూలుగా ఆగే చోట ఆయన ఆగలేదు. మెట్ల వైపు వచ్చాడు. ఎత్తి బయటికి తేవడానికి రావాల్సిన ఇంకో టీచరు ఇంకా రాలేదు. వ్యాయామం అమ్మాయి గబగబా వాకర్ తెచ్చి పై మెట్టు దగ్గర పెట్టింది. బావ కడ్డీ పట్టుకుని మొదటి మెట్టు మీద కాలు పెట్టాడు. నీళ్ళు నడుము నుంచి తొడలకి దిగాయి. ఇంకో మెట్టు. మోకాళ్ళ దాకా దిగాయి. నీళ్ళు దిగిన కొద్దీ ఒంటి బరువంతా ఆయన మీదికే వస్తోంది, మొహంలో తెలుస్తోంది. విరిగిన వైపు కాలు గజగజలాడుతోంది. అక్క ఆయన ముందు వెనక్కి మెట్లెక్కుతూ, చాచిన చేతులతో ఇక ఆయన్ని పట్టేసుకోబోతూ ఉంది. పెదాలు కదులుతున్నాయి. కానీ చెప్పడానికి ఆమె దగ్గర కథేమీ లేదు.

ఆయన ఆగి ఊపిరి పీల్చుకున్నాడు. "తప్పుకోవే. దారికడ్డంగా నిలబడితే ఎలా ఎక్కను?" అన్నాడు.

అక్క పక్కకి తప్పుకుని, ఆయన దాటిపోవడానికి దారిచ్చి, నీళ్ళలోకి జారి నిలబడింది. బావ మిగిలిన మెట్లెక్కాడు. వాకర్ అందుకున్నాడు. పొడి నేల మీద, ఒళ్ళంతా నీళ్ళు కారుతూ, ఎవరూ పట్టుకోకుండా నిలబడ్డాడు. నిలబడే, వెనక్కి తిరగకుండా, "రా, చలేస్తోంది. ఇంటికి పోదాం" అన్నాడు.

అక్క రాలేదు. నడుము లోతు నీళ్ళలో, చేతులు అలాగే చాచుకుని, ఆయన్నే చూస్తూ ఉండిపోయింది. రెండుసార్లు పిలిచాను. అడుగు వెయ్యబోయింది, కాళ్ళు కదల్లేదు. తువ్వాళ్ళు అక్కడే పడేసి, చెప్పులతోనే, బట్టలతోనే నీళ్ళలోకి దిగి, మా అక్క చెయ్యి పట్టుకుని పైకి నడిపించుకొచ్చాను.